నల్లేరు: మాటగా మిగిలిన తీగ

ఎన్నికల ఋతువు వచ్చినదనగా మన వార్తాపత్రికల శీర్షికలలో ఒక తీగ మొలచును. ఫలానా అభ్యర్థికి ఈ పర్యాయము గెలుపు నల్లేరు మీద నడకయే యని ఒక పత్రిక వ్రాయును; అంత సులభము కాదు, నల్లేరు మీద నడక అనుకొన్నవారికి ముండ్లు తగులుచున్నవని మఱియొక పత్రిక వ్రాయును; చదువరులు భావమును గ్రహించి, తల యూపి, పుట త్రిప్పుదురు. కాని ఆ శీర్షికను కూర్చిన ఉపసంపాదకుని గాని, దానిని చదివి తల యూపిన పాఠకుని గాని చేయి పట్టుకొని ఊరి వెలుపలి కంచె యొద్దకు కొనిపోయి, ఈ పొదలో నల్లేరు ఏదో చూపుమని అడిగినచో, పదిమందిలో ఒక్కడైనను వ్రేలు చాపి చూపగలడని నాకు నమ్మకము లేదు. మన నాలుక మీద నల్లేరు మాటగా నేటికిని పచ్చగా నున్నది. రుచిగా నుండిన కాలము మాత్రము చాల యిండ్లలో ఒక తరము వెనుకటి ముచ్చట యైనది.

అసలు సామెత 'నల్లేరు మీద బండి నడక'. కాలక్రమమున బండి జాఱిపోయి నడక మాత్రము మిగిలినది. ఎద్దుల బండికి ఇసుకదారి పగ. చక్రము దిగబడును, ఎద్దులు నురుగులు కక్కును. రాతిదారి యందు ప్రతి గుండును బండివాని నడుమును పేరుపెట్టి పలుకరించును. ఆ రెంటికిని నడుమ, వాగుల గట్టులమీదను, బంజరుల అంచులందును నల్లేరు దట్టముగా నేలబాఱి అల్లుకొన్న చోట, కండ పట్టిన కాడలు ఇనుపపట్టా క్రింద నలిగి, నీరు చిమ్మి, మెత్తనై పోగా, బండి కుదుపు లేక సాగిపోవునని పెద్దలు చెప్పెడి అన్వయము. ఇది బండిలో కూర్చున్నవాని పక్షమున పుట్టిన సామెత. నల్లేరును అడిగి చెప్పినది కాదు. అయితే అడిగినను నల్లేరు పెద్దగా నొచ్చుకొని యుండదని నాకు తోచును. ఏలయనగా చక్రము క్రింద తెగిపడిన ప్రతి కణుపును, ఏ కొంచెము మట్టి తగిలినను వేరు విడిచి, వేరొక తీగ యగును. త్రొక్కుచు పోయిన బండియే ఊరూర దానిని నాటుచు పోయినదన్నమాట.

పేరు వినగానే నలుపును, ఏరును స్ఫురించును గాని తీగ నల్లనిది కాదు, ఏటితో దానికి పనియును లేదు. కాడ నాలుగు పలకలుగా నుండును. ప్రతి పలక అంచునను సన్నని రెక్కవంటి మిట్ట నిలువునా సాగుచు, కణుపు వచ్చుచోట నొక్కుకొనిపోయి, కణుపు దాటగానే మరల వెడల్పగును. దూరమునుండి చూచినచో ఎవరో పచ్చని ఎముకలను వరుసగా గ్రుచ్చి కంచె మీద ఆరవేసిరా యనిపించును. లేత కణుపుల యొద్ద మాత్రమే ఒక్కొక్క ఆకు కనబడును. ఎండ ముదిరినకొలది ఆ ఆకులును రాలిపోయి, ఆకు చేయవలసిన పనినంతయు కాడయే నెత్తిన వేసికొనును. ఆకునకు సరిగా ఎదుటివైపున ఒక నులితీగ బయలుదేఱి, దొరికిన పుల్లను చుట్టుకొని ప్రాకును. ఈ ఎదురు నులితీగయే దాని వంశమును బయటపెట్టు గుఱుతు. ద్రాక్షతీగకును ఇదే లక్షణము. నల్లేరు ద్రాక్షకుటుంబపు తీగ. శాస్త్రజ్ఞులు సిస్సస్ క్వాడ్రాంగ్యులారిస్ అని పిలిచిన పేరులోని రెండవ మాట నాలుగు పలకలనే చెప్పుచున్నది. వానకాలమున పచ్చతెలుపు చిన్నపూలు పూచి, బఠాణీగింజంతటి ఎఱ్ఱని పండ్లు గాయును గాని, ద్రాక్షకు దాయాది గదా యని నోట వేసికొన్నవాడు రెండవది వేసికొనడు.

ఆఫ్రికాలోని ఎండు మైదానములు మొదలుకొని అరేబియా, భారతదేశము, సింహళము మీదుగా ఆగ్నేయాసియా వఱకు ఈ తీగ వ్యాపించి యున్నది. మన దేశమున నీటి కఱవున్న ప్రతి ప్రాంతమునను దీనికొక పేరు కలదు: తమిళులు పిరండై యందురు, కన్నడిగులు మంగరవళ్ళి, మరాఠీలు కాండవేల్, హిందీవారు హడ్‌జోడ్. హడ్‌జోడ్ అనగా ఎముకను అతుకునది. ఆ మాటకు మరల వత్తము.

అనంతపురము సీమలో ఏడాది మొత్తమునకు కురియు వాన సగటున సుమారు 550 మిల్లీమీటర్లు; సగటు అనునది కఱవు సంవత్సరములను మరుగుపఱచు మాట గనుక ఆ సంఖ్యను చూచి ధైర్యము తెచ్చుకొనరాదు. అట్టి చోట, వేపచెట్టు సైతము దుమ్ము కప్పుకొని నిలిచిన వైశాఖమున, రాతికట్టుడు మీద నల్లేరు ఏమియు జరుగనట్టు పచ్చగా వ్రేలాడుచుండును. ఈ నిబ్బరమునకు మూలము దాని ఊపిరి తీయు వేళలో నున్నది. ఆహారము వండుకొనవలెనన్న మొక్కకు బొగ్గుపులుసు గాలి కావలెను. అది లోనికి రావలెనన్న ఒంటిమీది సూక్ష్మరంధ్రములు తెఱవవలెను. తెఱచిన ద్వారమున గాలి లోనికి వచ్చునంతలో, అదే ద్వారమున నీరు ఆవిరియై బయటికి పోవును. నీటిలో నిలుచుండి పెరుగు వరికి ఆ చింత లేదు గనుక పట్టపగలు తలుపులు బార్లా తెఱచి కూర్చుండును. నల్లేరు కాడ పగలెల్ల తలుపులు బిగించుకొని, రాత్రి చల్లబడిన పిమ్మట తెఱచి, వచ్చిన గాలిని మాలిక్ ఆమ్లముగా మార్చి తన కణములలోని నీటితిత్తులయందు దాచి, మఱునాడు ప్రొద్దెక్కగానే మూసిన తలుపుల వెనుక, ఆ నిలువతో వంట సాగించును. అనాసకును, కలబందకును, బ్రహ్మజెముడునకును ఈ విద్య తెలియును.

ఇచ్చట ఒక చిన్న ప్రస్తావన చేయక ముందుకు సాగలేను. రాత్రి పులిసి పగలు చప్పబడు ఈ వింతను మొదట శ్రద్ధగా వ్రాసిపెట్టినవారిలో ఒకడు మన గోదావరి మండలమునకు పరిచితుడే. సామర్లకోటలోని కంపెనీవారి తోటలో విలియం రాక్స్‌బర్గ్ తరువాత బాధ్యత వహించిన బెంజమిన్ హైన్ అను వృక్షశాస్త్రజ్ఞుడు, రణపాల ఆకును నమలి చూచి, అది ఉదయమున మిక్కిలి పుల్లగను, మధ్యాహ్నమునకు చప్పగను, సాయంకాలమునకు కొంచెము చేదుగను ఉండునని వ్రాసిన లేఖ, 1815లో లండనులోని లిన్నేయన్ సొసైటీ సంపుటమున అచ్చైనది. శాస్త్రములు నాలుకతో ప్రారంభమైన కాలమది. కారణము తేలుటకు ఆ తరువాత శతాబ్దమునకు పైగా పట్టినది.

నాకు నల్లేరును నాలుకతో పరిచయము చేసినది కనిగిరి ప్రాంతములో నున్న మా మేనత్త. ఆమె యింటి వెనుక దడి మీద నల్లేరుండెను. దానిని ఎవరును నాటినట్టు ఆమెకు జ్ఞాపకము లేదు. శ్రావణమాసమున రెండు వానలు పడి కొసలు లేతగా సాగినప్పుడు, ఆమె మధ్యాహ్నము భోజనములైన తరువాత కొడవలి పుచ్చుకొని బయలుదేఱును. ఉదయమే కోయరాదా యని అడిగితిని. "పొద్దున కోస్తే పులుపెక్కువరా, చింతపండు లెక్క తప్పుద్ది" అనెను. హైన్ దొర లేఖను నేను చదివినది ఆ తరువాత ఎన్నియో యేండ్లకు. చదివినప్పుడు నాకు మొదట జ్ఞాపకము వచ్చినది ఆమె చింతపండు లెక్క.

కొస నుండి రెండు కణుపులు, మహా అయిన మూడు; గోటితో గిచ్చిన చోట గోరు దిగవలెను, విఱిచిన చోట టక్కున విఱుగవలెను, నార సాగరాదు. అంతకు క్రిందిది ముదురు. అది మందునకు గాని కూటికి పనికిరాదని ఆమె శాసనము. కోసి తెచ్చిన కాడలు చేటలో పోసి, ముందు పీట వేసికొని కూర్చుండి, నువ్వులనూనె గిన్నె దగ్గఱకు జరుపుకొని, మోచేతుల దాక నూనె పట్టించుకొని, అప్పుడు కత్తిపీట ముట్టుకొనెను. నేను సాయపడుదునని చెప్పి ఒక కాడను చేత పట్టుకొంటిని.

"చేతులకు నూనె రాసుకున్నావా?"

"రెండు కాడలే గదత్తా."

"రెండైనా ఇరవయ్యైనా అది చూసుద్దా?"

చూడలేదు. పలక అంచుల నారను ఒలిచి రెండవ కాడను ముగించునప్పటికి వ్రేళ్ల సందులలో ప్రారంభమైన దురద, నూనె రాచిన కొలది మణికట్టునకు, అచ్చటినుండి మోచేతికి ప్రాకెను. ఎవరో కనబడని సూదులను చర్మము క్రింద చల్లి రుద్దుచున్నట్లుండెను. అత్త నవ్వక, తిట్టక, నానవేసిన చింతపండు గిన్నెను నా యెదుటికి త్రోసి, అందులో చేతులు ముంచి కూర్చుండుమని, తన పనిలో తానుండెను. ఆ విధముగా, చేతులు కట్టివేయబడిన విద్యార్థిగా, నేను నల్లేరు పచ్చడి చేయుట సాంతము చూచితిని.

కణుపు ముడిని రెండువైపుల కోసి పాఱవేసెను. దురద అంతయు అచ్చటనే కాపురముండునని ఆమె మతము. అంచులు ఒలిచిన కాడను అంగుళమునకు రెండు ముక్కలుగా తరిగి, పలుచని మజ్జిగలో కొంతసేపు వేసి తీసి, పిండి ఆరనిచ్చెను. మూకుడులో నూనె పోసి మినపపప్పు, ధనియాలు, జీలకఱ్ఱ, ఎండుమిరపకాయలు దోరగా వేయించి తీసి, మఱికొంత నూనె పోసి నల్లేరు ముక్కలు వేసెను. తొలుత అవి పచ్చగా మెఱసి, నీరు వదలి, పసరువాసన కొట్టినవి. తరువాత నీరింకి, పచ్చదనము గోధుమవన్నెకు దిగి, అంచులు ముడుతలు పడి, వాసన మాఱి, వేగిన బెండకాయకు దగ్గఱగా వచ్చినది. నేను చాలునంటిని, చాలదు, ఇంకను వేగవలె ననెను. ఇచ్చట తొందరపడినవారి గొంతులు ఆ రాత్రి అంతయు గిలపెట్టుచునే యుండునట. రోటిలో మొదట పప్పులు, మిరపకాయలు, ఉప్పు. పిదప చింతపండు, వెల్లుల్లి. చిట్టచివర నల్లేరు ముక్కలు వేసి, మెత్తగా కాక, కచ్చాపచ్చాగా నూఱి, పైన ఇంగువపోపు పెట్టెను. వేడి అన్నములో నేతితో కలిపినప్పుడు తొలిముద్దకు పులుపును కారమును మాత్రమే తెలిసినవి. ముద్ద దిగిన పిమ్మట నాలుక వెనుకభాగమున గోరుచిక్కుడు వగరువంటి వగరొకటి నిలిచి, దానికొక సన్నని చుఱుకు తోడై, మఱియొక ముద్ద కావలె ననిపించినది. మొదటిసారి తిన్నవారందఱికిని నచ్చు రుచి యని నేను చెప్పను. కాకరకాయను, వాక్కాయను ఇష్టపడువారికి నచ్చును.

ఆ దురదకు కారణము కాల్షియం ఆక్సలేటు స్ఫటికములు. చేమదుంపలోను, కందగడ్డలోను ఉండు వస్తువే ఇందునను కలదు. సూదులవలె వాడియైన ఆ స్ఫటికములు చర్మమున గ్రుచ్చుకొనును. నూనె చేతికి కవచమగును. చింతపండు, మజ్జిగల పులుపు కొంత బాధను తగ్గించును. నూనెలో చక్కగా వేగుటతో తక్కిన పొగరు అణగును. మూడింటిలో ఏ ఒక్కటి తప్పినను నల్లేరు కూర కాదు, శిక్ష యగును. మన పూర్వులు దీనిని తినదగిన వస్తువుగా మార్చుటకు ఎన్ని గొంతుల గిలకు ఓర్చిరో గదా!

ఈ స్ఫటికములే మఱియొక భ్రమకును మూలమైనవి. నల్లేరులో కాల్షియము సమృద్ధిగా కలదు, కావున ఎముకలకు బలము, అని ఈనాడు ప్రతివారును చెప్పుచున్నారు. మొదటి వాక్యము సత్యమే. అయితే ఆ కాల్షియములో చాలభాగము ఆక్సలేటుతో ముడివడి యున్నది. అట్టి కాల్షియము ప్రేగులలో అంతగా కరుగదు, రక్తములోనికి ఎక్కునది కొంచెమే. పాలు, రాగులు ఇచ్చునట్లుగా నల్లేరు కాల్షియమును ఒడిలో పోయునని లెక్క వేసికొన్నవాడు మోసపోవును. మూత్రపిండములలో ఆక్సలేటు రాళ్లు పుట్టు స్వభావముగలవారు దీని జోలికి పోకుండుటయే మేలు. సి విటమిను సంగతియు నించుమించు ఇట్టిదే. పచ్చికాడలో అది బాగుగనే కలదు. 1908లో తొలిసారి వెలువడిన నాద్కర్ణి భారతీయ ఔషధద్రవ్య గ్రంథమున, చిగుళ్లనుండి నెత్తురు కాఱు స్కర్వీ వ్యాధికి నల్లేరును చెప్పుటలోని ఔచిత్యము దీనివలన తెలియును. ఆ గ్రంథము వెలువడునాటికి విటమిను అను మాటయే పుట్టలేదు. కాని పచ్చికాడను తినలేము; వేయించిన కాడలో ఆ విటమిను చాలవఱకు హరించిపోవును. ఇక మిగులునది పీచు, జీర్ణమునకు దోహదము చేయు వగరు, క్వెర్సెటిన్, రెస్వెరాట్రాల్ మున్నగు ద్రాక్షజాతి ద్రవ్యములు, ఈ మొక్క పేరిటనే క్వాడ్రాంగ్యులారిన్ అని నామకరణము పొందిన మఱికొన్ని. ఇది తక్కువ సంపద కాదు, అమృతమును కాదు. కఱవునాట, తోటకూర మడి ఎండిపోయి, సంతలో కూరగాయ ధర చెట్టెక్కినప్పుడు, చుక్క నీరు అడుగక దడి మీద దొరకు ఒక పచ్చని కూర అన్నదే దాని అసలు విలువయని నా అభిప్రాయము.

ఇక ఎముకల సంగతి. సంస్కృత వైద్యమున నల్లేరునకు వజ్రవల్లి, కాండవల్లి, అస్థిశృంఖల అను పేళ్లు గలవు. వానిలో ప్రసిద్ధమైనది అస్థిసంహారము. తెలుగువాడు ఆ పేరు వినగానే ఉలికిపడును. సంహారము అనగా చంపుట గదా, ఎముకలను సంహరించునది ఎముకలకు మందెట్లగును? సంస్కృతమున సంహారమునకు ఒకచోటికి చేర్చుట, కూర్చుట అనునదియు నర్థమే. జడ వేయుటను వేణీసంహారము అనుట అందువలననే. విడిపోయిన పాయలను చేర్చినట్లు విఱిగిన ఎముకలను చేర్చునది అని వైద్యులు పెట్టిన పేరది. పదునొకండవ శతాబ్దమునాటి చక్రపాణిదత్తుడు భగ్నచికిత్సయందు దీనిని లక్కతోను, గోధుమలతోను, మద్దిపట్టతోను చేర్చి, నేతితో పాలతో ఇమ్మని చెప్పెను. నేటికిని ఆయుర్వేద మందుల దుకాణములలో దొరకు లాక్షాగుగ్గులువునందు నల్లేరు వంతు కలదు. పదునారవ శతాబ్దమునాటి భావమిశ్రుడును దీని గుణములను వర్ణించెను. పల్లెలందు కాలు విఱిగిన మేకకు, కొమ్ము విఱిగిన ఎద్దునకు ముదురుకాడ నలుగగొట్టి, వెచ్చచేసి, వెదురుబద్దలతో కట్టు కట్టుట నేను చూచినదే. ఎముకల కట్టు అనగానే మనవారికి చిత్తూరు సీమలోని పుత్తూరు కట్టు జ్ఞాపకము వచ్చును. ఆకుపసరు, కోడిగ్రుడ్డు తెల్లసొన, వెదురుబద్దలు అచ్చటి సాధనములు. ఆ పసరు మర్మము వారి వంశవిద్య గనుక, దానిలో నల్లేరును ఇఱికించి నా తీగకు గొప్పతనము తెచ్చుటకు నేను పూనుకొనను.

ఈ నమ్మకమును తొలిసారి కొలబద్ద పెట్టి పరీక్షించినది కాశీ హిందూ విశ్వవిద్యాలయము. 1960లో అచ్చట వైద్యవిజ్ఞాన కళాశాల నెలకొన్నప్పుడు దానికి అధ్యక్షుడైన కె.ఎన్. ఉడుప శస్త్రవైద్యుడు; కన్నడదేశమువాడు; ఆయుర్వేదమునందు ఆదరముండియు కన్ను మూసికొని నమ్మువాడు కాడు. ఆయనయు, జి.సి. ప్రసాదును కలిసి 1963, 1964 ప్రాంతములలో ప్రచురించిన వ్యాసములందు, ప్రయోగశాలలోని జంతువుల విఱిగిన ఎముకలకు నల్లేరు సారమును వాడి, రెండు విధములుగా పరీక్షించిరి. మొదటిది బలపరీక్ష: అతుకుకొన్న ఎముకను మరల విఱుచుటకు ఎంత బలము కావలెనో కొలుచుట. రెండవది కాల్షియం-45 అను కిరణములు వెలువఱచు కాల్షియమును ఒంటిలోనికి పంపి, అది అతుకు యొద్దకు ఎంత త్వరగా చేరుచున్నదో గమనించుట. నల్లేరు పొందిన జంతువులలో అతుకు శీఘ్రతరముగా బలపడుచున్నదనియు, కాల్షియము ముందుగా వచ్చి చేరుచున్నదనియు తేలినది. చూడుడు, ఇచ్చట నల్లేరు తన కాల్షియమును తెచ్చి పోయుట లేదు. ఒంటిలో నున్న కాల్షియమును పనికి పిలుచుచున్నది. ఆ తరువాతి దశాబ్దములలో గాజుపాత్రలలో పెంచిన ఎముకకణముల మీద చేసిన ప్రయోగములును, ఎముకను కట్టు కణములు నల్లేరు సారము తగిలినప్పుడు చుఱుకుగా వృద్ధి చెందుచున్నవని చూపినవి. అత్త దడి మీది తీగకును, కాశీలోని కొలబద్దకును ఇంతవఱకు పొత్తు కుదిరినది.

ఆ పైన దారి గతుకులది. ఎలుక యెముకకు జరిగినది మనిషి యెముకకు జరుగునని అనుకొనుటకు వీలు లేదు. మనుష్యులమీద జరిగిన పరీక్షలు చిన్నవి. దవడయెముక విఱిగినవారిని కొద్దిమందిని ఎంచుకొని చేసినవి మొదలైనవి ఆశాజనకముగా నున్నను, పెద్దసంఖ్యతో, కట్టుదిట్టముగా జరిగినవి అరుదు. థాయిలాండులో ఈ తీగ పేరు పేచ్ సంఖాత్. మన వజ్రము, సంఘాతము అను మాటలే ఆ దేశపు నోట అట్లు మాఱినవి. అచ్చట దీనిని మొలలకు మందుగా ప్రభుత్వమే గుర్తించినది. అయినను 2010లో వెలువడిన ఒక పరీక్షలో, నల్లేరు మాత్ర పుచ్చుకొన్నవారికిని, మందు లేని ఉత్త మాత్ర పుచ్చుకొన్నవారికిని తేడా కనబడలేదు. 2006లో కామెరూన్ దేశపు పరిశోధకులు, నల్లేరుతో మఱికొన్ని ద్రవ్యములు కలిపిన మిశ్రమము స్థూలకాయమును తగ్గించినదని వ్రాసిరి. మిశ్రమములో నల్లేరు వంతు ఎంతో విడదీయుట కష్టము. అయినను ఆ ఒక్క వార్త చాలినది. నేడు అమెరికాలోని మన పిల్లలు కండలు పెంచుకొనుటకును, కీళ్లనొప్పులకును, నడుము సన్నబడుటకును సిస్సస్ అను పేరుతో మింగుచున్న మాత్రలలోనిది మన దడి మీది నల్లేరే. బంధువు లింటికి వచ్చి సీసా చూపి, దీని పేరు మీరు వినియుండరు, అక్కడ క్రొత్తగా కనిపెట్టిరి, అని చెప్పినప్పుడు నేను నవ్వు ఆపుకొనలేకపోతిని. సీసా మీద నూనె రాచుకొమ్మన్న సూచన లేదు. అక్కర లేదు గూడ. అయితే ఎముక విఱిగినవాడు సీసాను గాని పచ్చడిని గాని నమ్ముకొని ఎముకల వైద్యుని యొద్దకు పోకుండుట తగదనియు, గర్భిణులు, చక్కెరజబ్బునకు మందులు వాడువారు వైద్యునడుగక ఈ సారములను పుచ్చుకొనరాదనియు చెప్పుట నా విధి.

తమిళులు ఈ విషయమున మనకంటె మెలకువ గలవారు. పిరండై తువైయల్ వారి యిండ్లలో నేటికిని సామాన్యమైన పచ్చడి. అప్పళముల పిండిలో పిరండై రసము కలుపుట వారి పాతవాడుక. మదరాసు కూరగాయల అంగళ్లలో కొత్తిమీర కట్టల ప్రక్క నల్లేరు కట్టలు కనబడును. మన రాయలసీమలోను, ప్రకాశము, నెల్లూరు మెట్టలందును ఈ పచ్చడి పూర్తిగా నశించలేదు గాని, చేయువారు నడివయస్సు దాటినవారే. కారణములు వెదకుటకు దూరము పోనక్కఱలేదు. కంప, కలబంద, కిత్తనార, నల్లేరు కలిసి అల్లుకొన్న దడులు పోయి ముండ్లతీగె వచ్చినది. 1870ల చివర కడప మండలమున నాటబడి, దేశమెల్ల నల్లుకొన్న సర్కారుతుమ్మ బంజరులను పట్టుకొన్నది. మిగిలిన దడి ఇంటిస్థలములలో కలిసిపోయినది. మొక్క అయినను మఱల దొరకును. ఒక్క కణుపు చాలును. దొరకనిది, ఎంతవఱకు లేత, ఎప్పుడు కోయవలెను, మూకుడులో ఏ రంగు వచ్చువఱకు ఓపిక పట్టవలెను అన్న తెలివి. అది ఏ గ్రంథమునను సరిగా వ్రాయబడలేదు. నేను ఇంత వ్రాసియు, 'గోరు దిగవలెను' అన్నచోట ఎంత దిగవలెనో చెప్పలేకపోయితిని.

కడచిన సంక్రాంతికి అత్త యింటినుండి వచ్చునప్పుడు ఒక మూరెడు ముదురుకాడను వార్తాపత్రికలో చుట్టి సంచిలో వేసికొంటిని. హైదరాబాదు చేరి దానిని మఱచితిని. అటక మీద అది మాఘము, ఫాల్గుణము గడపెను. నీరు లేదు, మన్ను లేదు, వెలుతురును అంతంతమాత్రమే. ఉగాదికి ఇల్లు దులుపుచు ఆ పొట్లమును విప్పి చూచినచో, కాడ ముడుతలు పడి, సగము సన్నగిల్లి, ఒక కణుపు యొద్ద గోరంత తెల్లని వేరును, దాని యెదుట ఆవగింజంత పచ్చని మొటికయు పెట్టి యుండెను. కాగితముమీద ఆ వేరు తగిలినచోట అక్షరములు మాసిపోయినవి. పగిలిన ప్లాస్టిక్ బకెట్టులో ఎఱ్ఱమన్ను, ఇసుక నింపి డాబామీద పెట్టితిని. మొన్న ఆషాఢపు తొలివానకు అది నాలుగు కణుపులు సాగి, నీళ్లగొట్టమును పట్టుకొన్నది. ఆ సాయంకాలమే అత్తకు ఫోను చేసి, రేపు పచ్చడి చేయింతునంటిని.

"ఎన్ని కణుపులొచ్చినాయి?"

"నాలుగు."

"నాలుగుకే కోస్తావా? ఇంకో రెండు రానీ. అప్పుడు కోద్దువుగాని."